గుట్ట లేని దీవి

తమ్ముడూ,

రెండో ప్రపంచ యుద్ధంలో, 1943లో, పసిఫిక్ మహాసముద్రంలోని తరావా దగ్గర అమెరికా, జపాన్ చేసిన యుద్ధం మీద నువ్వు రాస్తున్న నవలలో మొదటి ఆరు అధ్యాయాలు చదివాను. వాక్యం నీ మాట వింటోంది, దాని గురించి దిగుల్లేదు. నా దిగులంతా మొదటి పేజీ గురించే. అక్కడ జపాన్ దళాల అధిపతి రియర్ అడ్మిరల్ షిబజాకిని గుట్ట ఎక్కించి, కళ్ళకు బైనాక్యులర్స్ పెట్టించి, అమెరికా నౌకలను లెక్కపెట్టించావు. యుద్ధం జరిగిన బెటియో దీవిలో గుట్ట లేదు. ఆ దీవిలో ఏ మూల నిలబడినా పాదాల కింద నేల సముద్రమట్టానికి మూడు మీటర్లు మించి లేవదు. ఎత్తు కావాలంటే ఆయన కొబ్బరి చెట్టయినా ఎక్కాలి, కాంక్రీటు బంకర్ కప్పయినా ఎక్కాలి. చిన్న పొరపాటే కదా అని వదిలేయలేను. ఆ యుద్ధంలో జరిగినవన్నీ ఆ మూడు మీటర్ల నుంచే పుట్టాయి.

శైలి గురించి ఈ ఉత్తరంలో ఒక్క ముక్కా రాయను. నీళ్ళ లోతు, దూరం, గడియారం, ఈ మూడూ సరిచూసుకో. ఎవరు ఎంత ధైర్యంగా ఉన్నారో వాటి వెనకే బయటపడుతుంది.

ముందు దీవి. అటోల్ అనే మాట మాల్దీవుల భాష నుంచి ఇంగ్లీషుకు వెళ్ళింది. చల్లారిన అగ్నిపర్వతం నెమ్మదిగా సముద్రంలోకి కుంగిపోతుంటే, దాని అంచున పెరిగిన పగడం మాత్రం పైకి పెరుగుతూనే ఉంటుంది. చివరికి కొండ మాయమై పగడపు వలయం మిగులుతుంది. మధ్యలో లగూన్ అనే ప్రశాంతమైన ఉప్పునీటి మడుగు, బయట హోరెత్తే మహాసముద్రం, వలయం మీద అక్కడక్కడా ఇసుక తేలిన చిన్న దీవులు. తరావా వలయానికి నైరుతి మూలన ఉన్నది బెటియో. పొడవు మూడు కిలోమీటర్ల చిల్లర, వెడల్పు ఎక్కువైన చోట 700 మీటర్లు. మొత్తం 300 ఎకరాలు, అంటే మన వైపు ఒక మాదిరి చెరువు కింది ఆయకట్టు. ఆ జాగాలో 4,600 మందికి పైగా మనుషులు, ఒక విమానాల రన్‌వే, వందల కొద్దీ తుపాకీ గూళ్ళు. ఈ ఇరుకు నీ అధ్యాయాల్లో ఎక్కడా కనిపించలేదు. నీ సైనికులు 'లోపలి అడవుల్లోకి' పారిపోతున్నారు. లోపల అంటూ లేదు. ఉత్తరపు ఒడ్డున నిలబడి గట్టిగా అరిస్తే దక్షిణపు ఒడ్డున వినిపిస్తుంది.

ఇదే పొరపాటును మూడో అధ్యాయంలో ఇంకో రకంగా చేశావు. గ్వాడల్‌కెనాల్, సైపాన్, ఇవో జిమా పేర్లన్నీ పగడపు దీవుల జాబితాలో రాశావు. గ్వాడల్‌కెనాల్ పర్వతాలూ అడవులూ ఉన్న పెద్ద దీవి. సైపాన్‌లో కొండ ఉంది. ఇవో జిమా అగ్నిపర్వతపు బూడిద. పెలెలియు పగడమే కానీ పైకి లేచి గుహలు పడిన సున్నపురాయి. అటోల్ యుద్ధాలంటే తరావా, మేకిన్, క్వాజలీన్, ఎనివెటాక్. 1943 నవంబరు నుంచి 1944 ఫిబ్రవరి దాకా, నాలుగు నెలల వ్యవధి. ఈ నాలుగు పేర్ల దగ్గర ఆగితే నీ పుస్తకానికి ఒక హద్దు దొరుకుతుంది.

ఇప్పుడు ఆ మూడు మీటర్ల సంగతి. బెటియోలో నాలుగైదు అడుగులు తవ్వితే నీళ్ళు పడతాయి. అందుకని జపాన్ వాళ్ళు భూమిలోకి దిగలేకపోయారు, పైకి కట్టారు. కొబ్బరి దుంగలను వరుసగా పేర్చి ఇనుప కొక్కేలతో బిగించి, పైన పగడపు ఇసుక మీటర్ల మందాన పోశారు. ముఖ్యమైన చోట్ల కాంక్రీటు, రైలు పట్టాలు వాడారు. దూరం నుంచి చూస్తే అవి ఇసుక దిబ్బల్లా కనిపిస్తాయి. నువ్వు రాసిన 'సొరంగాలు' వేరే దీవులవి, వేరే సంవత్సరాలవి. కొబ్బరి మాను గురించి కోనసీమలో పుట్టినవాడికి చెప్పక్కర్లేదు. అది టేకులా చీలదు, పీచు పీచుగా గొడ్డలిని పట్టేసుకుంటుంది. గుండు తగిలినా అంతే, పేళ్ళు లేవవు, లోపలికి మింగేస్తుంది. దాని మీద ఇసుక. ఇసుక పేలుడు తాకిడిని తాగేస్తుంది. అందుకే ఆ ఉదయం సుమారు రెండున్నర గంటల పాటు యుద్ధనౌకలు మూడు వేల టన్నుల మందుగుండు కురిపించినా గూళ్ళలో చాలా భాగం బతికి ఉన్నాయి. దగ్గర నుంచి పేల్చిన గుండ్లు సమాంతరంగా వచ్చి, చదునైన నేలను తాకి, బల్లపరుపు రాయి నీటి మీద గెంతినట్టు గెంతి అవతలి సముద్రంలో పడ్డాయి. ఎత్తు నుంచి నిటారుగా పడే గుండు అయితే కప్పు చీల్చేది. ఈ కారణం రాయకుండా 'భీకర బాంబు దాడికి కూడా చెక్కుచెదరలేదు' అని రాస్తే పాఠకుడు దాన్ని మహిమ అనుకుంటాడు.

నీ నవలలో ఎనిమిది అంగుళాల ఫిరంగులు సింగపూర్ నుంచి ఎత్తుకొచ్చినవని ఒక పాత్ర గర్వంగా చెబుతుంది. ఈ కథ దశాబ్దాల పాటు పుస్తకం నుంచి పుస్తకానికి పాకింది. తర్వాత ఎవరో ఆ గొట్టాల మీది వరుస సంఖ్యలు చూసి, తయారీదారు రికార్డులతో పోల్చారు. అవి 1905లో, రష్యాతో యుద్ధం జరుగుతున్న రోజుల్లో, జపాన్ బ్రిటన్‌కు చెందిన వికర్స్ దగ్గర డబ్బిచ్చి కొన్నవి. పాత్ర చేత అబద్ధం చెప్పించే హక్కు నీకుంది, సైనికులు అబద్ధాలు చెప్పుకుంటారు. కానీ అది అబద్ధమని నీకు తెలిసి ఉండాలి. 'పది లక్షల మంది వచ్చినా వందేళ్ళు పడుతుంది' అని షిబజాకి అన్నాడనే మాట కూడా అలాంటి చోట్లే తిరుగుతుంది. అది ఎవరు విన్నారు, ఎక్కడ రాశారు అని అడుగు. జవాబు దొరక్కపోతే కొట్టెయ్.

ఇక నీళ్ళు. నువ్వు అర పేజీలో దాటేసింది ఇదే, నిజానికి నవలంతా ఇక్కడే ఉంది.

బెటియో చుట్టూ పగడపు గట్టు ఒకటి నీటి అడుగున పరుచుకుని ఉంటుంది. లగూన్ వైపు అది ఒడ్డు నుంచి సుమారు 500 నుంచి 700 మీటర్ల దాకా పోతుంది. దిగే దళాలకు రెండు రకాల వాహనాలు ఉన్నాయి. మొదటిది హిగిన్స్ బోటు, ముందు తలుపు కిందికి పడే ప్లైవుడ్ పడవ. ముప్పై ఆరు మంది ఎక్కితే దానికి మూడున్నర, నాలుగు అడుగుల నీళ్ళు కావాలి. రెండోది ఆంట్రాక్, నీటిలో ఈదుతూ వచ్చి గట్టు తగలగానే గొలుసు చక్రాల మీద పాకే బండి. మొదటి రకం ఆంట్రాక్‌లో సుమారు 24 మంది పడతారు. నీటిలో దాని వేగం గంటకు పది కిలోమీటర్లు, ఎదురుగాలిలో పడితే అది కూడా రాదు. తరావాకు వచ్చిన ఆంట్రాక్‌లు 125. మొదటి మూడు వరసలు (42, 24, 21) వీటిలో వెళ్ళాయి. వెనక వరసలన్నీ హిగిన్స్ బోట్లలో.

గట్టు మీద నీళ్ళు అయిదు అడుగులు ఉంటే అందరూ ఒడ్డుకు చేరతారు. మూడు అడుగులుంటే ఆంట్రాక్‌లు మాత్రమే చేరతాయి. తరావాకు నమ్మదగ్గ పోటు పట్టిక లేదు. అక్కడ ఏళ్ళ తరబడి పనిచేసిన బ్రిటిష్, ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ మనుషులను పిలిచి అడిగారు. ఎక్కువ మంది అయిదు అడుగులన్నారు. మేజర్ ఫ్రాంక్ హాలండ్ ఒక్కడే ఆ తిథిలో మూడడుగులు కూడా ఉండవని మొత్తుకున్నాడు. తేదీ మార్చలేదు, ఎందుకంటే మార్షల్ దీవుల దాడి దీని వెనకే వరసలో ఉంది. సముద్రం నుంచి తీరం మీదికి దిగి పోరాడే రెండో మెరైన్ డివిజన్ కమాండర్ జూలియన్ స్మిత్ తన వాళ్ళకు గట్టు దాటే అవకాశం సగం సగం అని ముందే చెప్పాడు. కాబట్టి 'ఎవరికీ తెలియదు, ప్రకృతి మోసం చేసింది' అనే నీ వాక్యం తప్పు. తెలుసు, లెక్కేసి పందెం కాశారు.

ఆ పందెం ఎలా పోయిందో మన పంచాంగం భాషలోనే చెప్పొచ్చు. 1943 నవంబరు 20, స్వభాను నామ సంవత్సర కార్తీక బహుళ అష్టమి. అమావాస్యకూ పౌర్ణమికీ పోటు బలంగా వస్తుంది, అష్టమికి నీరసంగా ఉంటుంది, ఇది మన తీరంలో వల వేసే ప్రతివాడికీ తెలుసు. ఆ రోజు దానికి ఇంకొకటి తోడైంది. చంద్రుడు భూమికి బాగా దూరంగా ఉన్నాడు. నీరసపు పోటు మరీ నీరసించింది. ఈ సంగతి చాలా కాలం తర్వాత, 1987లో, డొనాల్డ్ ఓల్సన్ అనే అమెరికన్ భౌతికశాస్త్రవేత్త లెక్కగట్టి తేల్చాడు. అంటే నీ సైనికులకు ఆ ఉదయం కారణం తెలియదు. నీళ్ళు రావట్లేదని మాత్రమే తెలుసు. పాత్రకు తెలిసినదీ రచయితకు తెలిసినదీ కలిపేయకు.

ఇది ఒంటికి పట్టాలంటే ఒక పని చెయ్. విశాఖ దగ్గరో భీమిలి దగ్గరో ఒక పౌర్ణమి రోజూ, ఒక అష్టమి రోజూ పొద్దుటి నుంచి సాయంత్రం దాకా కూర్చో. ఒక రాతి మీద సుద్దతో గంటకొక గీత గియ్యి. పౌర్ణమికి తేడా దాదాపు ఒకటిన్నర మీటర్లు కనిపిస్తుంది, అష్టమికి అర మీటరు. ఆ మధ్యలో పోయిన మీటరే బెటియోలో హిగిన్స్ బోట్లను గట్టు మీద ఆపేసింది.

ఆగిన తర్వాత ఏం జరిగింది? తలుపు పడింది, మనుషులు దిగి నడిచారు. లోతు రాయడానికి మన భాషలో అడుగుల కన్నా మంచి కొలతలున్నాయి. మోకాలి లోతు, నడుము లోతు, రొమ్ము లోతు, పీకల లోతు. వాటిని వరసగా వాడు, ఎందుకంటే గట్టు సమానంగా లేదు. నడుము లోతులో నడుస్తున్నవాడు నౌకల గుండ్లు తవ్విన గుంతలో పడితే నెత్తి మీద నీళ్ళు. వీపున సామాను, తూటాలు, నీళ్ళ సీసాలు. ఈదలేడు. నిమిషానికి పాతిక మీటర్లు నడిచాడనుకో, 500 మీటర్లకు ఇరవై నిమిషాలు, అదీ ఎదురుగా మెషిన్‌గన్లు ఉండగా. నువ్వు వాళ్ళను రెండు వాక్యాల్లో ఒడ్డుకు చేర్చావు. ఇరవై నిమిషాలకు ఎన్ని పేజీలు కావాలో నువ్వే ఆలోచించు.

అలలు ఎగసిపడ్డాయని కూడా రాశావు. వాళ్ళు దిగింది రెడ్ 1, రెడ్ 2, రెడ్ 3 అనే ఉత్తరపు తీరాల్లో, లగూన్ వైపు. అక్కడ అలలుండవు. బయటి సముద్రం వైపే నురగ. నీళ్ళు నిశ్చలంగా ఉన్నాయి కాబట్టే తూటా పడిన చోటల్లా కనిపించింది. రెడ్ 2, రెడ్ 3 మధ్య నుంచి గట్టు చివరి దాకా ఒక పొడవాటి రేవు వంతెన ఉంది. దాని కింద స్తంభాల నీడన పాకుతూ వచ్చినవాళ్ళు ఎక్కువ మంది బతికారు. అందుకే అందరికన్నా ముందు లెఫ్టినెంట్ హాకిన్స్ దళం ఆ వంతెన మీది గూళ్ళను తుడిచిపెట్టడానికి వెళ్ళింది.

గడియారం కూడా సరిచెయ్. దిగే సమయం ముందు 8:30. ఎదురుగాలి, ప్రవాహం వల్ల 8:45కు, మళ్ళీ 9:00కు మారింది. మొదటి ఆంట్రాక్ ఒడ్డు తాకింది 9:10 ప్రాంతంలో. నౌకలు మాత్రం 8:55కే కాల్పులు ఆపేశాయి, తమ వాళ్ళకు తగులుతుందని. ఆ పావుగంటలో గూళ్ళలో ఉన్నవాళ్ళు తల దులుపుకుని తుపాకుల దగ్గరికి వచ్చారు. నీ నాలుగో అధ్యాయానికి అసలు ఉత్కంఠ ఈ పదిహేను నిమిషాల్లో ఉంది. నువ్వేమో దాన్ని కలలో కనిపించిన తల్లితో నింపావు. తల్లిని తీసెయ్.

ఇంకో సంగతి. అమెరికా నౌకాదళపు రికార్డుల్లో హవాయి తేదీ, తరావా తేదీ ఒక రోజు తేడాతో ఉంటాయి, మధ్యలో అంతర్జాతీయ దినరేఖ ఉంది. జపాన్ నౌకాదళం ఎక్కడున్నా టోక్యో గడియారమే పాటించింది. అమెరికన్‌కు తొమ్మిది గంటలైతే షిబజాకి చేతి గడియారంలో ఆరు. రెండు వైపుల కథా నడుపుతున్నావు కాబట్టి ఒక కాగితం మీద మూడు నిలువు గళ్ళు గీసుకుని, ప్రతి సంఘటననూ మూడింటిలో రాసుకో.

మాట వినిపించకపోవడం ఈ యుద్ధంలో రెండు వైపులా జరిగింది. జూలియన్ స్మిత్ ఉన్న మేరీలాండ్ యుద్ధనౌకలో సొంత ఫిరంగుల అదురుకే రేడియోలు పడిపోయాయి. ఒడ్డుకు నడిచినవాళ్ళ వీపుల మీది రేడియోలు ఉప్పునీళ్ళలో తడిసి చచ్చాయి. జపాన్ వాళ్ళ టెలిఫోన్ తీగలు చాలావరకు నేల మీదే పరిచి ఉన్నాయి, నీళ్ళు పడతాయని లోతుగా పూడ్చలేదు. తెల్లారి కురిసిన గుండ్లకు అవి తెగిపోయాయి. మొదటి రోజు మధ్యాహ్నం షిబజాకి తన కాంక్రీటు కట్టడాన్ని గాయపడినవాళ్ళకు వదిలి, సిబ్బందితో వేరే చోటికి నడుస్తుండగా నౌకల గుండు పేలి చనిపోయాడు. లగూన్‌లోకి చొచ్చుకొచ్చిన రింగ్‌గోల్డ్, డాషియెల్ అనే డిస్ట్రాయర్ల పని అది. పాత పుస్తకాలు ఆయన్ని చివరి రోజు దాకా బతికించాయి, నువ్వూ బతికించావు. ఆ రాత్రి తీరంలో దుంగల గోడ వెనక అమెరికన్లు కొన్ని మీటర్ల జాగాలో కిక్కిరిసి ఉన్నారు. ఒక్క ఎదురుదాడి వస్తే నీళ్ళలోకి నెట్టేసేవాళ్ళు. అది రాలేదు. ఆజ్ఞ ఇచ్చే మనిషి లేడు, అది మోసే తీగ లేదు. పెద్ద ఎదురుదాడులు మూడో రోజు రాత్రి గానీ రాలేదు, అప్పటికి ఆలస్యమైంది. నీ 'మొదటి రాత్రి బంజాయ్', అంటే చావుకు తెగించి మీద పడే ఆ దాడి, చాలా బాగా రాశావు, అందుకే తీసెయ్యమని చెప్పడానికి మనసొప్పట్లేదు. అయినా తీసెయ్.

బంకర్ ఎలా పట్టుకుంటారో నీకు తెలిసినట్టు లేదు. ఒకడు గ్రెనేడ్ విసిరి లోపలికి దూకడు. ముందు ఇద్దరు ముగ్గురు ఆ గూటి కంత మీద ఆపకుండా కాలుస్తారు, లోపలివాడు తల ఎత్తకూడదు. ఆ కాల్పుల చాటున పక్క నుంచి మంటలు చిమ్మే యంత్రం మోసేవాడు పాకుతాడు. ఆ యంత్రం ముప్పై కిలోలు, అందులో ఉన్న ఇంధనం పది సెకన్లకు మించి రాదు. అందుకని చిన్న చిన్న చిమ్ములుగా వాడతాడు, అయిపోతే వెనక్కి పాకాలి. అతని వెనక కర్రకు కట్టిన టీఎన్‌టీ పట్టుకుని ఇంకొకడు. పెద్ద బంకర్లకు గాలి కోసం పైన గొట్టాలుంటాయి, వాటిలోంచి పెట్రోలు, పేలుడు పదార్థం పోస్తారు. బుల్డోజర్ ఉంటే కంతల మీదికి ఇసుక నెట్టి మూసేస్తుంది. ఇక్కడ తప్పు జరిగేది ఒకే చోట. పక్క గూటి నుంచి ఈ గూటి తలుపు కనిపించేలా కట్టారు, అది చూసుకోకుండా వెళ్ళినవాడు వీపులో తూటా తింటాడు. మూడో రోజున లెఫ్టినెంట్ బానీమన్ ఇసుక కప్పిన పెద్ద కట్టడం నెత్తి మీదికి మనుషుల్ని ఎక్కించి ఈ పద్ధతే వాడాడు, అక్కడే చనిపోయాడు. ఆయన ఎముకలు 2015లో గానీ దొరకలేదు.

ట్యాంకుల గురించి ఒక పేరా చాలు. 14 షెర్మన్లు వచ్చాయి. నీటి కింద గుంతలు కనిపించవు కాబట్టి మనుషులు ముందు నడిచి గుర్తులు పెట్టారు. వాళ్ళలో చాలామంది పడిపోయారు, వాళ్ళు పోయాక ట్యాంకులు గుంతల్లో మునిగాయి.

76 గంటల్లో అయిపోయింది. అంకెల దగ్గర జాగ్రత్త. అమెరికా మృతులు వెయ్యికి పైగా, గాయపడినవాళ్ళు రెండు వేలకు పైగా. ఒక్కో పుస్తకంలో ఒక్కోలా ఉంటుంది, ఎందుకంటే కొన్ని లెక్కలు మెరైన్లను మాత్రమే లెక్కిస్తాయి, కొన్ని నౌకాదళం వైద్యులను, బోట్ల నావికులను కలుపుతాయి, కొన్ని తర్వాత ఆసుపత్రిలో పోయినవాళ్ళను కూడా చేరుస్తాయి. ఏ లెక్క వాడుతున్నావో నువ్వు తెలుసుకుని, ఒక్క దానికే కట్టుబడు. 125 ఆంట్రాక్‌లలో చివరికి నడిచేవి 35. దీవిని కాపాడినవాళ్ళలో ప్రాణాలతో పట్టుబడిన జపానీయులు 17 మంది, కొరియన్లు 129 మంది.

ఆ 129 అంకె దగ్గర ఆగు. వెయ్యికి పైగా కొరియన్ కూలీలు ఆ దీవి మీద దుంగలు మోశారు. చాలామంది దగ్గర ఆయుధం లేదు. నీ నవలలో వాళ్ళు ఒక్క వాక్యంలో కూడా లేరు, 'శత్రువులు 4,700' అన్న మాటలో కరిగిపోయారు. అలాగే దీవి అసలు మనుషులు. తరావా, మేకిన్ ఉన్న దీవులకు పెట్టిన గిల్బర్ట్ అనే ఇంగ్లీషు పేరునే వాళ్ళ నాలుక మీద పలికితే కిరిబాస్ అయింది, ఇంగ్లీషు అక్షరాల్లో కిరిబాటి అని కనిపించినా టి-ని స-లా పలుకుతారు. బెటియో కూడా అంతే, వాళ్ళ నోట బేసోకు దగ్గరగా వినిపిస్తుంది. 1942 అక్టోబరు 15న అదే దీవి మీద 17 మంది న్యూజిలాండ్ తీర పరిశీలకులను, ఇంకో అయిదుగురు పౌరులను జపాన్ వాళ్ళు తల నరికి చంపారు. దానికి రెండు నెలల ముందు ఆగస్టు 17న అమెరికా మెరైన్ల కార్ల్‌సన్ దళం సబ్‌మెరైన్లలో వచ్చి మేకిన్ మీద మెరుపుదాడి చేసింది. గిల్బర్ట్ దీవులు ఎంత బలహీనంగా ఉన్నాయో జపాన్‌కు ఆ దాడే చూపించింది, బెటియో కోటగా మారింది ఆ తర్వాతే. కథ నవంబరు 20న మొదలవుతుందని ఎవరు చెప్పారు?

మేకిన్‌ను నువ్వు వదిలేశావు, పర్వాలేదు. కానీ ఒక సంగతి గుర్తుంచుకో. అక్కడ నేల మీద పోయిన అమెరికన్లు వంద లోపే. 1943 నవంబరు 24న జపాన్ సబ్‌మెరైన్ ఐ-175 వదిలిన టార్పెడోకు లిస్కమ్ బే అనే చిన్న విమానవాహక నౌక పేలిపోయి 644 మంది పోయారు. దీవి పట్టుకోవడం ఆలస్యమైతే నౌకలు అక్కడే కట్టేసినట్టు నిలబడాలి, నిలబడ్డ నౌక సబ్‌మెరైన్‌కు మేత. సేనాపతులు తొందరపడింది ఇందుకే.

రెండో భాగంలో క్వాజలీన్ రాస్తానన్నావు కాబట్టి దాని గురించి కొంచెం. తరావా తర్వాత హవాయిలోని కహూలావే దీవిలో బెటియో గూళ్ళ నమూనాలు కట్టి, ఏ గుండు ఎంత ఎత్తు నుంచి పడితే పగులుతాయో పరీక్షించారు. అమెరికా పసిఫిక్ నౌకాదళాధిపతి నిమిట్జ్ ఇంకో సాహసం చేశాడు. మార్షల్ దీవుల తూర్పు అంచున ఉన్న వోట్జే, మలోయెలాప్‌లను వదిలేసి నేరుగా మధ్యలోని క్వాజలీన్‌కు వెళ్ళమన్నాడు. స్ప్రూయెన్స్, టర్నర్, హాలండ్ స్మిత్, ఆయన కింది సేనాపతులు ముగ్గురూ ముందు వద్దన్నవాళ్ళే. 1944 జనవరి 31న ప్రధాన దీవి జోలికి పోకుండా పక్కనున్న ఎనుబుజ్ లాంటి చిన్న దీవులు పట్టుకుని వాటి మీద హోవిట్జర్లు దించారు. తరావాలో జూలియన్ స్మిత్ పక్కనున్న బైరికి మీద ఫిరంగులు పెట్టనివ్వమని అడిగితే వద్దన్నారు, ఇక్కడ అదే మొదటి అడుగైంది. అదే రోజు నీటి అడుగు కూల్చివేత దళం ఇద్దరు ఈతగాళ్ళు బట్టలు విప్పి, ఈత నిక్కర్లతో గట్టు దాకా ఈది, అడుగున ఏముందో కళ్ళతో చూసి వచ్చారు. అంతకుముందు నియమం ప్రకారం వాళ్ళు బూట్లు, హెల్మెట్ వేసుకునే ఉండాలి, రబ్బరు పడవ దిగకూడదు. తరావాలో లోతు మీద పందెం కాశారు, ఇక్కడ దిగి కొలిచారు. ఫలితం, అటోల్ మొత్తం మీద అమెరికా మృతులు నాలుగు వందలకు తక్కువ. దీవులను కాపాడే జపాన్ వైపు వాళ్ళు ఎనిమిది వేల దాకా ఉండి దాదాపు అందరూ పోయారు.

అయినా అంతా నున్నగా సాగలేదు. అదే అటోల్‌లోని రోయ్-నామూర్ దగ్గర ఆంట్రాక్‌లు గంటల తరబడి నీటిలో తిరిగి పెట్రోలు అయిపోగొట్టుకున్నాయి. ఇంజను ఆగితే లోపలి నీళ్ళు తోడే పంపు కూడా ఆగుతుంది. కొన్ని తూటా తగలకుండానే మునిగాయి. ఫిబ్రవరి 1న నామూర్‌లో మెరైన్లు ఒక కాంక్రీటు కట్టడంలోకి పేలుడు సంచి విసిరారు. అది టార్పెడో తలలు దాచిన గోదాము. ఆ ఒక్క పేలుడులో 20 మంది మెరైన్లు పోయారు, వంద మంది గాయపడ్డారు. ఎనివెటాక్‌లో (ఫిబ్రవరి 17 నుంచి 23) జపాన్ వాళ్ళు పైకి కట్టడానికి సమయం లేక నేలలో సాలీడు గుంటల్లాంటి గోతులు తవ్వి పైన కొబ్బరి మట్టలు కప్పారు. విమానం నుంచి తీసిన ఫోటోల్లో దీవి ఖాళీగా కనిపించింది.

మాటల గురించి. మెరైన్లను 'నావికులు' అని రాయకు, నావికుడంటే నౌక నడిపేవాడు. మెరైన్ అనే రాయి. దుంగల గోడను 'కరకట్ట' అన్నావు. ఆ మాట వినగానే తెలుగువాడి కళ్ళ ముందు కృష్ణ ఒడ్డున బస్సులు పోయే కట్ట నిలబడుతుంది. బెటియోలోది నాలుగడుగుల దుంగల గోడ, వెనక వంగి కూర్చుంటేనే తల దాగుతుంది. లగూన్‌కు 'సరస్సు' వద్దు, అది తీపినీళ్ళు అనిపిస్తుంది. లగూన్ అనే ఉంచి, మొదటిసారి వచ్చిన చోట ఒక వాక్యంలో చూపించు. మైళ్ళు రాసేటప్పుడు నేల మైలా, నాటికల్ మైలా తేల్చుకో. సాధ్యమైన చోటల్లా మీటర్లలో రాయి.

ముందుమాటలో 1942 ఏప్రిల్ 6న విశాఖ, కాకినాడల మీద జపాన్ బాంబుల సంగతి పెట్టి దాన్ని తరావాకు ముడివేశావు. దాడి నిజం. కానీ ఆ విమానాలు హిందూ మహాసముద్రం మీదికి వచ్చిన ర్యూజో నౌకవి, గిల్బర్ట్ దీవుల కథకు వాటితో సంబంధం లేదు. తెలుగువాడు చదవాలంటే తెలుగు నేల రావాల్సిందే అన్న భయంతో పెట్టినట్టుంది. అష్టమి పోటు చాలు, అది నిజమైన ముడి.

నాలుగో అధ్యాయం తిరగరాసి పంపించు, మిగతావి అప్పుడే ముట్టుకోకు. 8:55 నుంచి 9:10 దాకా మాత్రమే రాయి. దుంగల గూడు లోపల ఉన్నవాడి వైపు నుంచి ఒకసారి, ఆంట్రాక్‌లో ఉన్నవాడి వైపు నుంచి ఒకసారి. 61వ పేజీలో హెలికాప్టర్ ఒకటి ఎగురుతోంది, అది మాత్రం ఈ రాత్రికే దించెయ్.

నీ
అన్నయ్య